డిక్రీ అయిపోయింది, అమలు ఆపాలంటే ఎలా? స్టే గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

శ్రీకాకుళంలో ఒక ప్లీడరు గారి దగ్గర గుమస్తాగా పనిచేస్తున్నాను. భూమి కేసు ఓడిపోయి, చేతిలో డిక్రీ కాగితం కూడా లేకుండా కంగారుగా వచ్చేవాళ్ళు రోజూ ఒకరో ఇద్దరో కనిపిస్తారు, అడిగేవి మాత్రం ఎప్పుడూ అవే ప్రశ్నలు. అందుకే ఒక చోట రాసి పెడుతున్నా. ఇది సివిల్ కోర్టులో భూమి, ఇల్లు, స్థలం మీద డిక్రీ అయినవాళ్ళ కోసం. నేను ప్లీడర్ని కాను కాబట్టి మీ కాగితాలు చదివిన ప్లీడరు గారు ఒకటి చెప్పి నేను ఒకటి చెప్తే ఆయన మాటే పట్టుకోండి.

అప్పీలు వేసేశాం కదండీ, ఇంక అమీనా (డిక్రీ అమలు చెయ్యడానికి వచ్చే కోర్టు మనిషి) రాడు కదా?

వస్తాడు. అందరూ ఎక్కువగా దెబ్బతినేది ఇక్కడే. సీపీసీలో, అంటే సివిల్ కేసులు నడిపే పద్ధతి చట్టంలో, ఆర్డర్ 41 రూల్ 5 మొదట్లోనే ఉంటుంది, అప్పీలు వేసినంత మాత్రాన డిక్రీ అమలు ఆగదు అని. అప్పీలుతో పాటు స్టే కోసం విడిగా ఒక పిటిషన్ వెయ్యాలి, దానికి ఐఏ (కేసు లోపల వేసే మధ్యంతర పిటిషన్) నంబరు పడాలి, జడ్జి గారు దాని మీద ఆర్డర్ ఇవ్వాలి. ఈ మూడూ అయితేనే స్టే. అప్పీలు నంబరయ్యిందని ఊళ్ళో అందరికీ చెప్పుకుని ధైర్యంగా ఊడుపులు ఊడ్చేసి, ఆ తర్వాత మడిలోకి అమీనా దిగాక ఫోన్ చేసేవాళ్ళు చాలామంది ఉన్నారు. అప్పుడు అవతల వాళ్ళ తప్పేమీ ఉండదు, వాళ్ళకి డిక్రీ ఉంది, ఈపీ (డిక్రీ అమలు చెయ్యమని వేసే పిటిషన్) వేసుకున్నారు, ఆపమని ఎవరూ చెప్పలేదు.

స్టే వస్తే కేసు గెలిచినట్టేనా?

కాదు. డిక్రీ అలాగే ఉంటుంది, అమలు మాత్రం ఆగుతుంది. అప్పీలు తేలాక ఓడిపోతే మళ్ళీ మొదటికే.

అప్పీలుకి ఎన్ని రోజులు టైం ఉంటుంది?

జూనియర్ సివిల్ జడ్జి కోర్టు డిక్రీ అయితే పైన సీనియర్ సివిల్ జడ్జి కోర్టుకో జిల్లా కోర్టుకో వెళ్తుంది, దానికి 30 రోజులు. హైకోర్టుకి వెళ్ళాల్సిన అప్పీలైతే 90 రోజులు. ఏ కోర్టుకి వెళ్ళాలన్నది దావా విలువని బట్టి ఉంటుంది, అది ప్లీడరు గారు చూస్తారు. ఇక్కడ ఒక మాట, 2022 ఏప్రిల్‌లో జిల్లాలు విడగొట్టాక రాజాం వాళ్ళు విజయనగరం జిల్లా, పాలకొండ వాళ్ళు మన్యం జిల్లా అయ్యారు గదా, మరి మా అప్పీలు ఎక్కడ అని అడుగుతున్నారు. కలెక్టరాఫీసు మారిందని కోర్టు మారిపోదు. డిక్రీ కాపీ పైన ఏ కోర్టు పేరుందో దాని పై కోర్టు ఏదో ముందు కనుక్కోండి, ఆ తర్వాతే బస్సెక్కండి.

రోజులు లెక్కపెట్టడంలో ఒక కిటుకు ఉంది, ఇది కొంచెం వివరంగా చెప్తా. జడ్జిమెంటు, డిక్రీల సర్టిఫైడ్ కాపీ తీసుకోవడానికి పట్టిన టైం ఆ 30 రోజుల లెక్కలో కలపరు. ఆ టైం ఎంతో కాపీ మీదే ఉంటుంది: అప్లికేషన్ పెట్టిన తేదీ, స్టాంపులు పిలిచిన తేదీ, స్టాంపులు కట్టిన తేదీ, కాపీ రెడీ అయిన తేదీ, చేతికిచ్చిన తేదీ, ఇలా వరసగా ముద్ర వేసి రాసి ఉంటాయి. స్టాంపులు పిలిచినట్టు నోటీసు బోర్డు మీద లిస్టు పెడతారు తప్ప మీ ఇంటికి ఎవరూ కబురు చెప్పరు. పిలిచాక మీరు వారం తర్వాత కడితే ఆ వారం మీ ఖాతాలోకే, బొత్తిగా కట్టకపోతే అప్లికేషన్ కొట్టేస్తారు. అలాగే కాపీ రెడీ అయ్యాక మీరు తీరిగ్గా తీసుకుంటే ఆ రోజులు కూడా కలిసిరావు. కాబట్టి జడ్జిమెంటు చెప్పిన రోజే, కోర్టు మెట్లు దిగకముందే కాపీ అప్లికేషన్ పెట్టించండి. బాధ పడడానికి రాత్రంతా ఉంటుంది.

మే నెలలో సివిల్ కోర్టులకి వేసవి సెలవులు. గడువు సెలవుల్లో అయిపోతే కోర్టు తెరిచిన రోజు వెయ్యొచ్చు, అప్పీలుకి ఇబ్బంది లేదు. అయితే అమలు భయం నిజంగా ఉంటే జిల్లా కేంద్రంలో వెకేషన్ కోర్టు ఉంటుంది, అర్జెంటు పిటిషన్లు అక్కడ తీసుకుంటారు.

కాపీ ఇంకా రాలేదు, అప్పీలు వెయ్యలేదు, ఈలోపే ఈపీ వేసేస్తే ఏటి సెయ్యాలి?

డిక్రీ ఇచ్చిన కోర్టునే అడగొచ్చు. రూల్ 5లోనే రెండో సబ్ రూల్ ఉంది, అప్పీలు గడువు ఇంకా అయిపోకపోతే, తగిన కారణం చూపిస్తే, ఆ కోర్టే కొన్నాళ్ళు అమలు ఆపొచ్చు. "మేం అప్పీలుకి వెళ్తున్నాం, కాపీకి పెట్టాం, అందాకా ఆపండి" అని అఫిడవిట్ వేసి కాపీ అప్లికేషన్ నంబరు చూపించాలి. ఇది చాలామంది వాడుకోరు, మనకి వ్యతిరేకంగా తీర్పు చెప్పిన జడ్జి గారినే ఎలా అడుగుతాం అని మొహమాటం. మొహమాటం ఎందుకు, చట్టమే ఇచ్చిన దారి అది. ఇచ్చినా కొద్దిరోజులకే ఇస్తారు, ఆ కొద్దిరోజుల్లోనే పై కోర్టుకి వెళ్ళి స్టే తెచ్చుకోవాలి.

నోటీసు ఇవ్వకుండా డైరెక్టుగా డెలివరీ వారెంట్ (స్వాధీనం ఇప్పించమని అమీనాకి కోర్టు ఇచ్చే ఆర్డర్) ఇచ్చేస్తారా?

డిక్రీ అయ్యి రెండేళ్ళు దాటితే నోటీసు ఇవ్వాలని ఆర్డర్ 21 రూల్ 22 చెప్తుంది. రెండేళ్ళ లోపైతే నోటీసు లేకపోయినా వారెంట్ ఇవ్వొచ్చు. కొన్ని కోర్టులు ఎలాగూ నోటీసు ఇస్తాయి గానీ దాన్ని నమ్ముకుని కూర్చోవద్దు. ఈ-కోర్ట్స్ యాప్‌లో మీ పాత కేసు నంబరుతోనో, పార్టీ పేరుతోనో వెతికితే అవతల వాళ్ళు ఈపీ వేశారో లేదో తెలుస్తుంది, మీ ఇంట్లో డిగ్రీ చదివే కుర్రాడెవరైనా రెండు నిమిషాల్లో చూసిపెడతాడు. పేర్ల స్పెల్లింగు మాత్రం రెండు మూడు రకాలుగా కొట్టి చూడాలి, "అప్పలనాయుడు"ని అందరూ ఒకేలా టైపు చెయ్యరు.

డిక్రీ పట్టుకుని పన్నెండేళ్ళ దాకా ఈపీ వేసుకునే హక్కు అవతల వాళ్ళకి ఉంటుంది. "ఐదేళ్ళయింది ఇంక వాళ్ళు మర్చిపోయారు" అనుకోవడానికి లేదు.

స్టే ఇవ్వడానికి జడ్జి గారు ఏం చూస్తారు?

చట్టంలో మూడు రాశారు. ఒకటి, స్టే ఇవ్వకపోతే మీకు బాగా నష్టం జరగాలి. రెండు, మీరు అనవసరంగా ఆలస్యం చెయ్యకుండా వచ్చుండాలి. మూడు, రేపు అప్పీలు ఓడిపోతే డిక్రీ ప్రకారం నడుచుకుంటానని సెక్యూరిటీ ఇవ్వాలి. దీంతోపాటు అప్పీలులో అసలు సరుకుందా లేదా అని కూడా చూస్తారు.

నష్టం అని ఊరికే రాస్తే సరిపోదు. "పిటిషనర్ తీరని నష్టపోవును" అని పాత అఫిడవిట్ చూసి టైపు చేయించిన లైను ప్రతి జడ్జి గారూ కొన్ని వేల సార్లు చదివుంటారు. మీ విషయం రాయించండి. ఆ ఇంట్లో ఎవరెవరు ఉంటున్నారు, ఎన్నేళ్ళ నుంచి, వేరే ఇల్లుందా లేదా, అవతల వాళ్ళు స్వాధీనం తీసుకుంటే ఇల్లు పడగొట్టి కొత్తది కట్టే ఆలోచనలో ఉన్నారా, వేరే వాళ్ళకి అమ్మడానికి బేరం పెట్టారా. ఉద్దానం వైపు కొబ్బరి తోట అయితే చెట్లు ఎన్ని, ఏ వయసువి, కొట్టేస్తే మళ్ళీ కాపుకి రావడానికి ఎన్నేళ్ళు పడుతుంది. పల్లం అయితే ఇప్పుడు ఏ పంట ఉంది, కోత ఎప్పుడు. ఫోటోలు, కరెంటు బిల్లు, ఇంటి పన్ను రసీదు, ఇవన్నీ జత చెయ్యాలి. ప్లీడరు గారికి ఇవేవీ తెలియవు గదా, మీరు చెప్తేనే రాస్తారు, మీరు ఆయన దగ్గర "మీకు తెలియనిదేముంది బాబూ" అని చేతులు కట్టుకుని నిలబడితే ఆ పాత లైనే పడుతుంది.

కండిషన్లు పెడతారంట, ఎలాంటివి?

కేసుని బట్టి. ఖర్చులు డిపాజిట్ చెయ్యమంటారు, డబ్బు డిక్రీ అయితే అందులో కొంత భాగం, చాలా సార్లు సగం, కోర్టులో కట్టమంటారు. ఆస్తి అమ్మకూడదు, తాకట్టు పెట్టకూడదు, ఉన్న కట్టడం మార్చకూడదు అంటారు. అద్దె ఇల్లు ఖాళీ చెయ్యమని డిక్రీ అయితే నెలనెలా ఇంత కట్టుకుంటూ రమ్మంటారు. పాత అద్దె వెయ్యి రూపాయలే కదా అదే కడతాం అంటే కుదరకపోవచ్చు, ఖాళీ చెయ్యమని డిక్రీ అయ్యాక కూడా ఉండాలనుకుంటే ఇప్పటి మార్కెట్ లెక్కలో కట్టమనే అధికారం పై కోర్టుకి ఉందని సుప్రీంకోర్టు 2004లో ఆత్మారామ్ ప్రాపర్టీస్ కేసులో చెప్పింది. విజయనగరం మెయిన్ రోడ్డు మీద తాతల నాటి అద్దెకి షాపు నడుపుకునే వాళ్ళు ఇది ముందే ఆలోచించుకోవాలి.

కండిషన్‌కి తేదీ ఉంటుంది. నాలుగు వారాల్లో కట్టాలి అంటే నాలుగు వారాల్లోనే. కట్టకపోతే స్టే దానంతటదే పోతుందని ఆర్డర్‌లోనే రాసుంటుంది చాలా వరకు. డబ్బు సర్దుబాటు కాకపోతే గడువు అయిపోకముందే టైం పొడిగించమని పిటిషన్ వెయ్యండి, అయిపోయాక వేస్తే చాలా కష్టం. జీడి పిక్కలు అమ్మాక కడదాం, ధాన్యం డబ్బులు పడ్డాక కడదాం అని ఆగడం వల్ల స్టేలు పోగొట్టుకున్న వాళ్ళని చూశాను.

మేం వేసిన దావానే కొట్టేశారు. దాని మీద స్టే కావాలి.

ఇది వారానికొకసారైనా వింటాను. దావా కొట్టేస్తే అమలు చెయ్యడానికి అక్కడ ఏమీ ఉండదు, మహా అయితే ఖర్చుల డిక్రీ. అమలు లేనిదాన్ని ఆపేది ఏముంది? మీకు కావాల్సింది స్టే కాదు, అప్పీలు తేలేదాకా అవతల వాళ్ళు భూమిలోకి రాకుండా, అమ్మకుండా తాత్కాలిక ఇంజంక్షన్. అది ఆర్డర్ 39 కింద విడిగా అడగాలి. కింది కోర్టులో ఉన్న ఇంజంక్షన్ దావా కొట్టెయ్యడంతోనే పోతుంది, అప్పీలు వెయ్యగానే దానంతటది తిరిగి రాదు.

పంపకాల డిక్రీ. అన్నదమ్ములు రేపే గట్టు వేసేస్తారా?

అంత తొందరగా అవ్వదు. పంపకాల దావాలో ముందు వచ్చేది ప్రిలిమినరీ డిక్రీ, ఎవరికెంత వాటా అని తేలుస్తుంది అంతే. తర్వాత ఫైనల్ డిక్రీ పిటిషన్ వెయ్యాలి, అడ్వకేటు కమిషనర్ని వేస్తారు, ఆయన సర్వేయర్‌ని తీసుకుని వచ్చి కొలుస్తాడు, ప్లాను గీస్తాడు, అభ్యంతరాలు వింటారు, అప్పుడు ఫైనల్ డిక్రీ, అప్పుడు స్టాంపు పేపర్ల మీద ఎక్కించడం, అప్పుడు ఈపీ. అందుకే పై కోర్టులు చాలా సార్లు మొత్తం ఆపవు, కమిషనర్ పని జరుగుతుంది గానీ ఫైనల్ డిక్రీ మాత్రం పాస్ చెయ్యొద్దు అని ఇస్తాయి. ఆ ఆర్డర్ చేతిలో ఉంది గదా అని కమిషనర్ చెయిన్ పట్టుకొస్తే అడ్డుపడకూడదు, మీ ఆర్డర్ ఆయన్ని ఆపలేదు. ఆర్డర్‌లో ఆ ఒక్క వాక్యం రెండు సార్లు చదివించుకోండి.

ఇంజంక్షన్ డిక్రీ, అగ్రిమెంట్ డిక్రీ, వీటికి కూడా స్టే వస్తుందా?

ఇంజంక్షన్ అంటే "నువ్వు అటు వెళ్ళకు" అని. దాన్ని ఆపితే "వెళ్ళు" అన్నట్టవుతుంది కాబట్టి జడ్జి గార్లు వెనకాడతారు. ఎక్కువగా యథాతథ స్థితి, అదే స్టేటస్ కో ఇస్తారు. ఇది ఇచ్చినప్పుడు స్వాధీనంలో ఎవరున్నారో ఆర్డర్‌లో లేకపోతే ఇద్దరూ నేనే ఉన్నానంటారు, గొడవ స్టేషన్‌కి చేరుతుంది, అందుకని ఎవరి స్వాధీనమో రాయమని అడగాలి. ఇంజంక్షన్ డిక్రీ మీరితే సివిల్ జైలు, ఆస్తి అటాచ్‌మెంటు రెండూ ఉంటాయి.

అమ్మకం అగ్రిమెంట్ మీద డిక్రీ అయితే, రిజిస్ట్రేషన్ చెయ్యమని కోర్టు చెప్పిందన్నమాట. మీరు వెళ్ళకపోయినా పర్వాలేదు, కోర్టే మీ తరఫున సేల్‌డీడు రాయించి ఇచ్చేస్తుంది. "నేను సంతకం పెట్టను, ఏం చేస్తారో చూస్తా" అనే పెద్దమనుషులకి ఈ ముక్క ఎవరైనా చెప్పండి.

మాకు తెలియకుండా, మేం కోర్టుకి రాలేదని ఎక్స్‌పార్టీ డిక్రీ అయిపోయింది.

దీనికి దారి రెండు రకాలు. అప్పీలు వెయ్యొచ్చు, లేదా అదే కోర్టులో ఆర్డర్ 9 రూల్ 13 కింద ఆ డిక్రీ రద్దు చెయ్యమని అడగొచ్చు. గడువు డిక్రీ అయిన రోజు నుంచి 30 రోజులు, సమన్లు మీకు సరిగ్గా అందకపోతే డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచి 30. ఈపీ నడుస్తుంటే దాన్ని ఆపమని విడిగా పిటిషన్ వెయ్యాలి, ఇక్కడ కూడా అదంతటది ఆగదు. సమన్లు మీ చెల్లెలు తీసుకుందా, తలుపుకి అంటించారా, పేపర్లో వేశారా అన్నది పాత కట్టలో ఉంటుంది, ముందు అది నకలు తీయించాలి. హైదరాబాదులోనో, చెన్నైలోనో పనికెళ్ళి ఉన్న రోజుల్లో ఊరి అడ్రసుకి సమన్లు వెళ్ళినట్టుంటే టికెట్లు, మేస్త్రీ లెటరు, ఆధార్ అడ్రసు, ఏది దొరికితే అది పట్టుకురండి.

గడువు దాటిపోయింది. ఇప్పుడు స్టే వస్తుందా?

ముందు ఆలస్యం మాఫీ పిటిషన్ వెయ్యాలి, లిమిటేషన్ యాక్టు సెక్షన్ 5 కింద. అది తేలి అప్పీలు వింటామని కోర్టు అనేదాకా స్టే ఇవ్వకూడదని ఆర్డర్ 41 రూల్ 3ఏ చెప్తుంది. అంటే ఆ మధ్య టైంలో మీకు రక్షణ లేదు, ఈపీ మాత్రం నడుస్తూనే ఉంటుంది. ఆలస్యానికి కారణం నిజంది రాయండి. పచ్చకామెర్లు వచ్చాయని రాసి నాటుమందు సర్టిఫికెట్ పెట్టే అలవాటు మన వైపు బాగా పాతుకుపోయింది, దాన్ని ఇప్పుడెవరూ నమ్మట్లేదు.

అవతల వాళ్ళు కేవియట్ వేశారు. అంటే?

నాకు చెప్పకుండా వీళ్ళకి ఏ ఆర్డరూ ఇవ్వొద్దు అని ముందే వేసిన కాగితం. 90 రోజులు పనిచేస్తుంది. మీ పిటిషన్ కాపీలు వాళ్ళ ప్లీడరుకి ముందే ఇవ్వాలి, వాళ్ళని విన్నాకే ఆర్డర్. కేవియట్ ఉంటే స్టే రాదని కాదు, మొదటి రోజే రాకపోవచ్చు. అందుకే ఆఖరి రోజు దాకా ఆగకండి.

స్టే వచ్చింది. ఇంటికెళ్ళి పడుకోవచ్చా?

ఇంకా కాదు. ఈపీ నడిచే కోర్టుకి ఆ ఆర్డర్ చేరిన దగ్గర్నుంచే స్టే పనిచేస్తుంది. శ్రీకాకుళంలో పదకొండింటికి స్టే ఇచ్చారు, ఇచ్ఛాపురంలో ఒంటిగంటకి అమీనా డెలివరీ చేసేశాడు అంటే ఆ డెలివరీ చెల్లకుండా పోతుందని గ్యారంటీ లేదు. పై కోర్టు ఆఫీసు వాళ్ళు పంపే కాగితం దాని దారిన అది వెళ్తుంది. మీరు మాత్రం అదే రోజు కాపీ కోసం పెట్టండి, కింది కోర్టులో మీ ప్లీడరు చేత మెమో వేయించండి. కాపీ ఇంకా రాకపోయినా, స్టే ఇచ్చారని నాకు స్వయంగా తెలుసు అని అప్పీలు వేసిన మనిషి అఫిడవిట్ వేస్తే, అసలు ఆర్డర్ వచ్చేదాకా కింది కోర్టు దాన్ని బట్టి నడుచుకోవాలని రూల్ 5లోనే ఉంది. కాబట్టి స్టే విన్న రోజున పార్టీ కోర్టు హాల్లో ఉండడం మంచిది, ఇంట్లో కూర్చుని ఫోన్లో విన్నవాడు "స్వయంగా తెలుసు" అని ఎలా రాస్తాడు?

అమీనా వచ్చి నిలబడ్డాడు, ఇప్పుడేటి చెయ్యాలి?

గొడవపడకండి. ఆయన కోర్టు మనిషి, ఆయనకి మీ మీద కోపమేమీ లేదు. వారెంట్ చూపించమనండి, సర్వే నంబరు, హద్దులు, విస్తీర్ణం చదవండి. ఇది నిజంగా పనికొస్తుంది. ఒకసారి నరసన్నపేట వైపు ఒక తోటలో షెడ్యూల్లో తూర్పు హద్దు కాలువ అనుంది, అక్కడ కాలువ ఎప్పుడో పూడిపోయి పక్క రైతు కంచె వచ్చేసింది, టేపు పెట్టి కొలిస్తే ఎటు నుంచి మొదలెట్టాలో అమీనాకే తేలలేదు, ఆయన హద్దులు గుర్తించలేకపోయానని రిపోర్టు రాసుకుని వెళ్ళాడు, కోర్టు తర్వాత సర్వేయర్ని వేసింది. అలాంటి తేడా ఉంటే మర్యాదగా చెప్పి రిపోర్టులో రాయించండి. లేని తేడా పుట్టించకండి.

తాళం వేసి వెళ్ళిపోతే పగలగొట్టి తీసే అధికారం ఉంది. అడ్డుపడితే అవతల వాళ్ళు పోలీసు సాయం కోసం పిటిషన్ వేస్తారు, ఈసారి కానిస్టేబుళ్ళతో వస్తారు. కారణం లేకుండా మళ్ళీ మళ్ళీ అడ్డుపడితే 30 రోజుల దాకా సివిల్ జైలు కూడా పడొచ్చు. ఆడవాళ్ళని ముందు నిలబెట్టి కిరోసిన్ డబ్బా పట్టుకోవడం లాంటివి చేసి తర్వాత క్రిమినల్ కేసుల్లో తిరిగే కుటుంబాలు ఉన్నాయి, భూమీ పోయింది, వాయిదాలు మాత్రం మిగిలాయి.

డెలివరీ అయిపోయింది. ఇంక స్టే దండగేనా?

స్టే దండగే, అప్పీలు దండగ కాదు. అమ్మకూడదు, కట్టకూడదు అని ఇంజంక్షన్ అడగొచ్చు. రేపు అప్పీలు గెలిస్తే సీపీసీ సెక్షన్ 144 కింద స్వాధీనం, మధ్యలో పోయిన ఆదాయం రెండూ తిరిగి అడగొచ్చు.

కేసులో మేం పార్టీలమే కాదు, మా ఇంటి మీదకి ఎందుకొస్తున్నారు?

మీ హక్కు మీదైతే ఆర్డర్ 21 రూల్ 97 నుంచి 101 వరకు మీ కోసమే. ఈపీ కోర్టులోనే మీ హక్కు తేల్చమని అడగొచ్చు, వేరే దావా వెయ్యక్కర్లేదు. ఇప్పటికే గెంటేసి ఉంటే రూల్ 99. అయితే కేసు నడుస్తుండగా కొనుక్కున్న వాళ్ళకి ఇది పనికిరాదు. విజయనగరం చుట్టుపక్కల, బొబ్బిలి రోడ్డు వైపు లేఅవుట్లలో గజాల లెక్కన ప్లాటు కొనేసి, ఆ సర్వే నంబరు మీద పదేళ్ళుగా దావా ఉందని తర్వాత తెలుసుకున్నవాళ్ళు వస్తుంటారు. ఈసీలో (రిజిస్ట్రేషన్ ఆఫీసు ఇచ్చే ఆస్తి లావాదేవీల సర్టిఫికెట్) కోర్టు కేసు కనిపించలేదు సార్ అంటారు. ఈసీలో దావాలు మామూలుగా కనిపించవు. అద్దెకున్నవాళ్ళ సంగతి వేరు, చట్టప్రకారం ఉండే హక్కున్న టెనెంటు ఉంటే వాళ్ళని బయటికి పంపకుండా, వారెంట్ అంటించి దండోరా వేయించి కాగితం మీద స్వాధీనం ఇస్తారు.

అప్పు డిక్రీ. ఇల్లు వేలం వేస్తారట.

డబ్బు డిక్రీకి ఇల్లు అటాచ్ చేసి అమ్మేది వేరే లెక్క. అప్పీలు పెండింగులో ఉంటే అమ్మకం ఆపమని అడగొచ్చు, సెక్యూరిటీ ఇవ్వాలి. రైతు, కూలి మనిషి నిజంగా ఉంటున్న సొంత ఇల్లు అటాచ్ చెయ్యకూడదని సీపీసీ సెక్షన్ 60 ఉంది, తాకట్టు పెట్టిన ఇంటికి ఇది వర్తించదు. వేలం అయిపోయినా 60 రోజుల్లోపు ప్రకటనలో రాసిన బాకీ, దాంతో పాటు కొన్నవాడికి అతను పాడిన పాట మీద 5 శాతం కోర్టులో కట్టేస్తే అమ్మకం రద్దవుతుంది. ఈ అవకాశం తెలియక, ఊళ్ళో ఎవరో ఒకరు అప్పిచ్చే స్తోమతున్నా అడక్కుండా, ఇల్లు పోగొట్టుకుంటారు.

స్టే ఆరు నెలలకి పోతుందంట కదా?

2018లో సుప్రీంకోర్టు అలా చెప్పింది, అదే ఇప్పటికీ ఊళ్ళో తిరుగుతోంది. 2024 ఫిబ్రవరి 29న అయిదుగురు జడ్జిల బెంచి దాన్ని పక్కన పెట్టింది, ఆరు నెలలైందని స్టే దానంతటది పోదు. కానీ ఫలానా తేదీ దాకా అని ఆర్డర్‌లోనే ఉంటే ఆ తేదీతో పోతుంది, పొడిగించుకోవాలి. అప్పీలు వాయిదాకి ఎవరూ రాకపోయి కొట్టేస్తే స్టే కూడా పోతుంది. అలా కొట్టేస్తే 30 రోజుల్లో తిరిగి తెరిపించమని అడగొచ్చు. అవతల వాళ్ళు స్టే రద్దు చెయ్యమని పిటిషన్ వేస్తే దానికి కౌంటరు వెయ్యకుండా వాయిదాలు అడుక్కోవడం కూడా మంచిది కాదు, జడ్జి గారికి మీ ఉద్దేశం అర్థమైపోతుంది. ఈపీలు వేసిన ఆరు నెలల్లో తేల్చాలని 2021లో రాహుల్ షా కేసులో సుప్రీంకోర్టు చెప్పినప్పట్నుంచి ఈపీ కోర్టులు కూడా ముందంత నెమ్మదిగా లేవు.

జిల్లాలో కూడా ఓడిపోయాం. హైకోర్టులో స్టే దొరుకుతుందా?

రెండో అప్పీలు అమరావతి హైకోర్టులో, 90 రోజుల్లో. అక్కడ సాక్షి ఏం చెప్పాడు, రసీదు నిజమా అన్నవి మళ్ళీ మొదట్నుంచి చూడరు, ముఖ్యమైన న్యాయపరమైన ప్రశ్న ఉంటేనే తీసుకుంటారు. అది లేకపోతే స్టే దాకా వెళ్ళదు. రెండు కోర్టులూ ఒకేలా చెప్పాక ఖర్చు పెట్టుకుని అంత దూరం వెళ్ళాలా అని ఇంట్లో కూర్చుని లెక్క వేసుకోవాలి. పంతం కోసం వెళ్ళేవాళ్ళని నేను ఆపలేను గానీ, ఆ డబ్బుతో అవతల వాళ్ళ దగ్గర అదే భూమిలో కొంత కొనుక్కోవచ్చేమో కూడా చూడమంటాను, అలా కుదిరినవి ఉన్నాయి.

ఊరి పెద్దల్లో రాజీ అయిపోయాం, ఇంక కోర్టు పనేముంది?

ఉంది. డిక్రీ అయ్యాక బయట ఇచ్చిన డబ్బు, రాసుకున్న కాగితం కోర్టులో నమోదు చేయించాలి. ఓడిన మనిషి నమోదు చెయ్యమని అడగడానికి గడువు 30 రోజులు. నమోదు చెయ్యని రాజీని ఈపీ కోర్టు చూడనే చూడదు. పెద్దలు బతికుండగానే ఈ పని అయిపోవాలి. లోక్ అదాలత్‌లో పెట్టుకుంటే ఇంకా సుబ్బరం.

ఖర్చు ఎంతవుతుంది? డబ్బు లేనివాళ్ళ సంగతి?

స్టే పిటిషన్ స్టాంపు చిన్నదే, అప్పీలు కోర్టు ఫీజు పెద్దది, మీరు అప్పీలులో అడిగేదాని మీద కింది కోర్టులో కట్టే లెక్కనే ఇక్కడా కట్టాలి. ప్లీడరు ఫీజు వాళ్ళతో మాట్లాడుకోవడమే. ఆడవాళ్ళకి, ఎస్సీ ఎస్టీలకి ఆదాయంతో పని లేకుండా ఉచితంగా ప్లీడర్ని ఇస్తారు, జిల్లా కోర్టు ఆవరణలో న్యాయ సేవాధికార సంస్థలో అడగాలి, ఫోన్ 15100. ఆధార్, డిక్రీ కాపీ పట్టుకెళ్ళండి.

సీతంపేట ఏజెన్సీ భూమికి కూడా ఇదేనా?

ఇదే కాదు. షెడ్యూల్డ్ ఏరియాలో ఏజెన్సీ రూల్స్ వేరు, కోర్టులు వేరు, 1/70 (గిరిజన ప్రాంతాల్లో భూమి చేతులు మారడం మీద ఆంక్షల చట్టం) ఉంటుంది. పైన రాసింది అక్కడికి పట్టుకెళ్ళకండి, ఆ కేసులు చేసే ప్లీడరునే కలవండి.

మేం గెలిచినవాళ్ళం. అవతలోడు స్టే తెచ్చి కూర్చున్నాడు, మేమేం చెయ్యాలి?

ముందు ఆర్డర్ కాపీ తీయించి కండిషన్ ఏముందో, కట్టాడో లేదో చూడండి, కట్టకపోతే ఈపీ కోర్టులో మెమో వేస్తే చాలు. కట్టి ఉంటే, భూమి ఆదాయం నెలనెలా డిపాజిట్ చేయించమని పిటిషన్ వెయ్యండి. స్టే కొట్టించడానికి తిరిగే తిరుగుడు కంటే అప్పీలునే తొందరగా వినమని అడగడం చాలాసార్లు మంచిది, ఊరికే భూమి అనుభవించేవాడికి తొందర ఉండదు, నెలనెలా కట్టేవాడికి ఉంటుంది.